చూపని కత్తి

అడిక్‌మెట్టులో ఉస్మానియా విశ్వవిద్యాలయపు ఆర్ట్సు కళాశాల భవనము 1939లో ప్రారంభమయ్యెను. పగలు విద్యార్థులతో కలకలలాడు అట్టి రాతి కట్టడమున రాత్రివేళ ఒంటరిగా నడచిన, మన యడుగుల చప్పుడే మనలను వెంటాడుచున్నట్లు తోచును. అచట దయ్యము లేదు. ఉన్నది మన యూహయే. స్వల్పవ్యయముతో తీసిన హత్యాచిత్రములు ఈ యూహనే పెట్టుబడిగా జేసికొనినవి.

1960లో హిచ్‌కాక్ దొర 'సైకో' చిత్రమును సుమారు 8 లక్షల డాలర్లతో, నలుపు తెలుపులలో తీసెను. అందలి స్నానపుగది హత్యలో కత్తికంటె వయొలీనుల కేకయే మిక్కిలి భయము గొల్పును. 1978లో జాన్ కార్పెంటర్ 'హాలోవీన్' చిత్రమును సుమారు 3 లక్షల డాలర్లతోనే ముగించెను. హంతకునికి ముసుగు చేయించుటకు సొమ్ము చాలక, అంగడిలో కొన్న చవుక ముసుగునకు తెల్లరంగు పూసిరి. భావమేమియు లేని ఆ ముఖమే జనులను వణకించెను. సంగీతమును దర్శకుడే కూర్చుకొనెను. నెత్తురు చూపినది బహు స్వల్పము. రాబడి మాత్రము పెట్టుబడికి నూరు రెట్లు మించెను.

ఇందలి కిటుకు మనకు క్రొత్తది కాదు. బుర్రకథకుడు కథ మంచిపట్టులో నుండగా ఆగును, వంతవాడు "తరువాత?" యనును, సభ యంతయు ఊపిరి బిగబట్టును. చిత్రమునందును అంతే. తలుపు వెనుక నెవడో కలడని మనకు తెలియును. లోనికి పోవు పిల్లకు తెలియదు. ఆ యెడమే ఉత్కంఠ.

మన తెలుగునాట వంశీ 1985లో 'అన్వేషణ' తీసెను. అడవిలోని చావులు పులి చేసినవో, మనుష్యుడు చేసినవో యను శంకను ఇళయరాజా సంగీతము పెంచుచు పోవును. 1992లో రామగోపాలవర్మ 'రాత్రి'లో సామాన్య గృహమునందే భీతిని నిలిపెను.

అయితే ఒక మాట. 'హాలోవీన్'ను అనుకరించినవారిలో పలువురు కత్తిని గైకొని, నిగ్రహమును విడిచిరి. ఆడుపిల్లల చావు వారికి వేడుక యయ్యెను. మూలచిత్రమున కడవరకు ఎదిరించి బ్రతికినది ఆడుపిల్లయే యని వారు మరచిరి. మీ మనుమలు ఇట్టి చిత్రము చూచి వచ్చినపుడు కోపింపక ఒక్క ప్రశ్న వేయుడు: "చచ్చిన పిల్లను గూర్చి నీకు జాలి కలిగినదా?" జాలి కలిగినచో ఆ భయము మేలే చేసినది. కలుగనిచో ఆ చిత్రము మీ బిడ్డనుండి ఏదో అపహరించినదని యెరుగుడు.