బుర్రకథయు, షేక్ నాజరును

అల్లూరి సీతారామరాజు 1923 ఏప్రిల్ మాసమున అన్నవరమునకు వచ్చి, పోలీసు ఠాణాకు పోయి, రత్నగిరి నెక్కి సత్యనారాయణస్వామిని దర్శించుకొనెను. ఆ వీరుని గాథను చదువురాని పల్లెజనులకు కన్నులకు గట్టినట్లు వినిపించిన కథకులలో అగ్రగణ్యుడు షేక్ నాజరు.

నాజరు 1920లో గుంటూరు జిల్లా పొన్నెకల్లున పేద దూదేకుల కుటుంబమున జన్మించెను. బాల్యముననే సంగీతము నభ్యసించి, నాటకములలో స్త్రీవేషములు ధరించెను. 1943లో ప్రజానాట్యమండలి వెలసిన పిదప అతని ప్రతిభకు తగిన రంగము లభించినది.

బుర్రకథ పూర్వపు జంగముకథకు రూపాంతరము. నడుమ కథకుడు భుజమున తంబురాతో, చేత అందెలతో చిందులు త్రొక్కుచు కథ నడుపును. ఇరుప్రక్కల వంతలు డక్కీలు వాయించుచు తందాన పలుకుదురు. వారిలో నొకడు హాస్యము చెప్పును, రెండవవాడు రాజకీయము చెప్పును. హాస్యమునకు నవ్వుచున్న జనమునకే రెండవవాడు పన్నుల భారమును, దొరల దౌష్ట్యమును ఎత్తిచూపును. ఆ ఊరి రచ్చబండ సంగతి సైతము అప్పటికప్పుడు కథలో చొరబడును. పత్రిక చదువలేనివానికి ఇదియే పత్రిక. మద్రాసు ప్రభుత్వమును, నిజాం ప్రభుత్వమును ఈ కళను నిషేధించుటకు కారణ మిదియే కాని డక్కీల మ్రోత కాదు.

పలనాటి యుద్ధము, బొబ్బిలి యుద్ధము, అల్లూరి కథ నాజరు నోట ఊరూర మారుమ్రోగినవి. ఆటయు, పాటయు, అభినయమును ఒక్కనియందే కుదురుట అరుదు, అతనియందు కుదిరినవి. రాజమహేంద్రవరమువాడైన డాక్టరు గరికపాటి రాజారావు 1953లో నిర్మించిన ‘పుట్టిల్లు’ చిత్రమున నాజరు బుర్రకథ చేరినది. మరుసటి యేట ‘అగ్గిరాముడు’లో అల్లూరి కథ వెండితెర కెక్కెను. 1977లో హైదరాబాదున దూరదర్శన కేంద్రము నెలకొన్న పిదప బుర్రకథ ఇండ్లలోనికిని వచ్చినది. అయినను గంటల తరబడి సాగవలసిన కథ తెరపై కొన్ని నిమిషములకు కుదించుకొనిపోయెను. కెమెరాకు రచ్చబండ సంగతులతో పని లేదు. రాజకీయపు వంతకు ఎదుట జనమే లేరు. నష్టపడినది ముఖ్యముగా అతడే.

ఒకనాడు నిషేధమున కెర యైన కళకే 1986లో భారత ప్రభుత్వము నాజరునకు పద్మశ్రీ నొసగెను. అతడు 1997లో కన్నుమూసెను. అతని ఆత్మకథ పేరు ‘పింజారి’. లోకము చులకనగా పలికిన కులనామమునే ఆ గ్రంథము అట్టపై ధరించినది.