గడువులోగా తేల్చండి

హన్మకొండలో సుబేదారి మీదుగా పోయినప్పుడల్లా నాకు నవ్వొస్తుంది. నిజాం కాలంలో వరంగల్ సుబేదారు ఉన్న చోటది. అర్జీదారుకు అప్పట్లో దొరవారి దయే దిక్కు. 1950లో రాజ్యాంగం 226వ అధికరణం వచ్చాక, అధికారి ఉలకకపోతే హైకోర్టు మెట్లెక్కే దారి దొరికింది.

వకీలు గుమస్తాగా ముప్పయ్యేళ్లు ఆ మెట్ల చుట్టూనే తిరిగాను. అక్కడ అడిగే రిట్లలో ఒకటైన మాండమస్ అంటే లాటిన్‌లో ‘ఆజ్ఞాపిస్తున్నాం’ అని. పేరు గంభీరమే గానీ, ఉత్తర్వులో తరచూ ఉండేది ఒకటే మాట: ఫలానా గడువులోగా అర్జీని చట్టప్రకారం పరిశీలించి తేల్చండి. అనుమతి ఇమ్మని కాదు! కాదంటే కాదనైనా చెప్పమని. ఆ తేడా కక్షిదారు చెవికెక్కించడమే నా కొలువులో అసలు కష్టం.

మౌనం అర్ధాంగీకారమంటారు కదా. 2020 నాటి టీఎస్ బీపాస్ చట్టం భవన అనుమతుల్లో 21 రోజుల మౌనాన్ని పూర్తి అంగీకారమే చేసింది. అదే ఏడాది వచ్చిన లేఅవుట్ల క్రమబద్ధీకరణ పథకం, ఎల్‌ఆర్‌ఎస్‌కు ఆ భాగ్యం లేదు. ప్లాటుకు వెయ్యి రూపాయలు కట్టి నేనూ అర్జీ పెట్టాను. 2025లో ఆ క్రమబద్ధీకరణ రుసుములో 25 శాతం రాయితీ ప్రకటించాక బీరువా అడుగు నుంచి రశీదు తీశాను. అంకెలు వెలిసిపోయాయి. మా ఆవిడ దాన్ని కిటికీ వెలుగుకు పట్టి, ఒక్కో అంకె పైకి చదువుతుంటే నేను రాసుకున్నాను.