రావియోలి పిండి: ఒక వంటింటి చరిత్ర

ఉత్తర ఇటలీయందలి ఎమీలియా రొమాన్యా సీమలో ఇల్లాండ్రు రావియోలి కొరకు పిండి కలుపు విధానము చూచుటకు మిక్కిలి తేలిక. కొయ్యపలకపై మెత్తని గోధుమపిండిని కుప్పగా పోసి, నడుమ గుంట చేసి, నూరు గ్రాముల పిండికి ఒక గ్రుడ్డు చొప్పున పగులగొట్టి అందులో వేయుదురు. గ్రుడ్లను గిలకొట్టుచు, గుంట అంచులనుండి పిండిని కొంచెము కొంచెముగ లోనికి లాగుదురు. పిమ్మట పది పదునైదు నిమిషములు అరచేతితో అదిమి, మడచి, మరల అదుముదురు. ముద్ద నునుపెక్కిన తరువాత మూతవేసి అరగంట విడిచిపెట్టుదురు. బొబ్బట్ల తోపుపిండిని నాననిచ్చు మన గృహిణులకు ఈ విరామమెందుకో వేరుగ చెప్పనక్కరలేదు. బిగిసిన పిండి సడలినగాని కర్రక్రింద సాగదు. తరువాత దానిని పలుచగ వత్తి, జున్నో, ఆకుకూరయో, మాంసమో నడుమ నుంచి, అంచులు తడిచేసి మూయుదురు. రూపమున ఇది మన కజ్జికాయను పోలినది. కాని నూనెలో వేగదు, మరుగు నీటిలో ఉడుకును.

ఈ పద్ధతి అనాదిగ వచ్చుచున్నదని తోచును. చరిత్ర చెప్పు మాట వేరు. ఈ పిండిలోని గోధుమ, గ్రుడ్డు, తుదకు పిండిపొర సైతము ఒక్కొక్కటి ఒక్కొక్క కాలమున ఒక్కొక్క కారణముచేత వచ్చి చేరినవి.

పుట్టుపూర్వోత్తరములు వెదకబోయిన వారికి మొదట ఎదురగునది ఒక కట్టుకథ. మార్కోపోలో చీనాదేశమునుండి ఈ పిండివంటలను ఇటలీకి తెచ్చెనని పలువురు నమ్ముదురు. 1929లో అమెరికాలోని మాకరోనీ వర్తకుల పత్రిక యొకటి ఈ కథకు విశేష ప్రచారము కల్పించెను. మార్కోపోలో వెనీసు నగరమునకు తిరిగివచ్చినది 1295లో. అంతకు 16 ఏండ్లు ముందే, 1279లో, జెనోవా నగరమున ఒక నోటరీ వ్రాసిన ఆస్తిపట్టికలో ఒక సైనికుని సొత్తుతోపాటు బుట్టెడు మాకరోనీ కూడ లెక్కకు వచ్చెను. ఆస్తిగా లెక్కించిరన్న, అది నిలువయుండు ఎండు సరకు అనుట స్పష్టము.

ఇంకను వెనుకకు పోయినచో సిసిలీ ద్వీపము చేరుదుము. అచ్చటి రాజు రెండవ రోజర్ ఆస్థానమున అల్ ఇద్రీసీ అను అరబ్బు భూగోళ శాస్త్రజ్ఞుడుండెను. 1154లో ముగిసిన తన గ్రంథమున ఆయన పాలెర్మో చేరువనున్న ట్రబియా గ్రామమును వర్ణించెను. అచ్చట ‘ఇత్రియా’ అను పిండిపదార్థము విస్తారముగ తయారై, ఓడలపై కలాబ్రియాకును, ముస్లిము, క్రైస్తవ దేశములకును పోవుచుండెనని వ్రాసెను.

ఇచ్చటనే రెండు త్రోవలు చీలుచున్నవి. ఎండ కాయు దక్షిణమున, సిసిలీ, పూల్యా ప్రాంతములలో, గట్టి గోధుమ పండును. దాని రవ్వను నీటితో కలిపి, అచ్చులగుండ ఒత్తి, ఎండబెట్టిన నెలల తరబడి నిలువయుండును. తేమగల ఉత్తరమున, పో నదీలోయలో, మెత్తని గోధుమ పండును. దాని పిండి నీటితోమాత్రమే కలిసిన ఉడుకునప్పుడు మెత్తబడి విడిపోవును. గ్రుడ్డు చేరిన, వేడికి తెల్లసొన గట్టిపడి పొరను పట్టి నిలుపును. అందుచేత దక్షిణము ఎండుసరకుకు, ఉత్తరము పచ్చిపిండికి పుట్టినిల్లయ్యెను. రావియోలికి పచ్చిపిండియే కావలయును. ఎండిన పొర మడవబోయిన విరుగును, అంచులు అతుకవు.

ఇక రావియోలి మాట. పార్మా నగరవాసియగు సలింబేనె అను క్రైస్తవ సన్యాసి తన వృత్తాంతమున 1284వ సంవత్సరపు ముచ్చట యొకటి వ్రాసెను. ఆ యేట సెయింట్ క్లారా పండుగనాడు, పిండిపొర లేని రావియోలిని మొట్టమొదటిసారి తాను తింటినని ఆయన చెప్పెను. కనుక ఆ కాలమున పొరతో చేయుటయు కలదు, పొరలేక చేయుటయు కలదు. రావియోలి అను పేరు లోపలి ముద్దకే చెల్లుచుండెను. పిండి దానికి కప్పిన వస్త్రము వంటిది.

గ్రుడ్ల లెక్కయు నేటివలె ఉండలేదు. పోప్ ఐదవ పయస్ వంటశాలను నడిపిన బార్తొలొమెయో స్కాప్పీ 1570లో ఒక మహాగ్రంథమును ప్రకటించెను. అందు పిండిని పలుచగ వత్తి రిబ్బనులుగ కోయు వంటకమునకు, రెండు లిబ్రాల మేలిపిండికి మూడు గ్రుడ్లును, గోరువెచ్చని నీరును చెప్పెను. ఆ తూకము నేటి ముప్పాతిక కిలోకు లోపుండును. నేటి లెక్కలో ఆరేడు గ్రుడ్లు పట్టు చోట ఆయన మూటితో సరిపుచ్చి, తక్కినది నీటితో పూరించెను. నూరు గ్రాములకు ఒక గ్రుడ్డను నేటి సూత్రము తరువాతి కాలపు మాట.

1891లో పెల్లెగ్రీనో ఆర్తూసీ ఫ్లారెన్సులో ఒక పాకశాస్త్రమును అచ్చువేసెను. మొదటి కూర్పులో 475 వంటకములుండగా, ఆయన జీవించియుండగనే అవి 790కి పెరిగెను. జెనోవా రావియోలిని వివరించుచు ఆయన ఒక ఆక్షేపణ చేసెను: నిజమైన రావియోలిలో మాంసముండదు, దానిని పిండిపొరలో చుట్టరు! సలింబేనె చవిచూచిన వంటకము ఆరువందల ఏండ్ల తరువాత కూడ రొమాన్యా వంటిండ్లలో నిలిచియుండెనన్నమాట. కాని పేరు అప్పటికే పొరగల వంటకము వశమయ్యెను. నేడు రావియోలి అనిన లోకమంతట ముందుగ తలచునది ఆ పొరనే.

ఈ మార్పులు చేసినవారెవరు? స్కాప్పీ పేరు, ఆర్తూసీ పేరు గ్రంథములపై నిలిచినవి. దినదినము పలకముందు నిలిచి పిండి పిసికిన స్త్రీల పేర్లు ఏ పట్టికలోను లేవు. ఎంత పలుచన చాలునో వారి చేతులు నిర్ణయించినవి. వత్తిన పొరను ఎత్తిపట్టిన దానిగుండ కొండపైనున్న సాన్ లూకా ఆలయము కనబడవలెనని బొలోన్యా నగరమున ఒక వాడుక కలదు. అట్టి పొరను వత్తు నేర్పరులకు అచ్చట ‘స్ఫోలీన’ అని పేరు. ఆమె కర్ర సుమారు రెండు మూరల పొడవుండును.

ఆర్తూసీ ఈ ఋణమును ఎరిగినవాడు. ఆయన యింట వంటచేసిన మరియెత్తా సబతీనీ పేరు ఒక రొట్టెకు పెట్టి తన గ్రంథమునకెక్కించెను. 1911లో మరణించినప్పుడు గ్రంథముపై హక్కులను ఆమెకును, మరియొక సేవకునికిని వ్రాసియిచ్చెను.

పిండిని పలుచచేయు యంత్రములు వచ్చిన పిమ్మట ఈ చేతిపని నశించునను భయము కలిగెను. 1974లో బొలోన్యా వాణిజ్య మండలియందు తొర్తెల్లీని వంటకపు విధానమును పత్రరూపమున భద్రపరచిరి. పత్రము కొలతలను కాపాడగలదు. పిండి చాలినంత పిసికితిమా లేదా యని వ్రేళ్ళకు తెలియు తెలివిని కాపాడజాలదు. అది ఒకరి చేతినుండి మరియొకరి చేతికి రావలసినదే. ఆర్తూసీ జన్మస్థలమగు ఫోర్లింపోపొలి పట్టణమున 2007లో ఆయన పేరిట ఒక పాకశాస్త్ర కేంద్రము వెలసినది. అచ్చట కర్రతో పిండి వత్తుట నేర్పు స్త్రీలను ‘మరియెత్తలు’ అని పిలుతురు. నేర్చుకొనవచ్చినవారి చేతులపై తమ చేతులనుంచి వారు ఇప్పటికిని ఆ ఒత్తిడి ఎంతయో చూపుచున్నారు.