ఒకే తాడుకు ఇద్దరు

డబ్బిచ్చి కొండెక్కే మనిషికీ, కూలి తీసుకుని ఎక్కించే మనిషికీ మధ్య నమ్మకం కుదరడానికి చాలా కాలమే పట్టింది. ఆల్ప్స్‌లోని షమోనీ ఊరివాడు జాక్ బల్మా 1786లో డాక్టర్ పకార్‌తో కలిసి మోబ్లా (మాంట్ బ్లాంక్) శిఖరాన్ని మొదటిసారి ఎక్కాడు. మరుసటి ఏడు బల్మా వెంటే 18 మంది గైడ్లతో సోస్యూర్ అనే శాస్త్రవేత్త పైకి చేరాడు. 1820లో హామెల్ అనే యాత్రికుడి బృందంపై మంచుచరియలు విరుచుకుపడి ముగ్గురు గైడ్లు మంచు పగుళ్లలో సమాధి అయ్యారు. ఆ దెబ్బతో 1821లో షమోనీ గైడ్లు సంఘం కట్టి, పోయినవాళ్ల కుటుంబాలకు సహాయనిధి పెట్టుకున్నారు. ఈ వృత్తికి అసలు పునాది అదేనని నా నమ్మకం.

పని మాత్రం వంతుల ప్రకారం పంచారు. బీద గైడుకూ కూడు దొరకాలన్న న్యాయం అందులో ఉంది. కానీ ప్రాణం అప్పగించేవాడు తెలిసిన మనిషినే కోరుకుంటాడు. 1857లో లండన్‌లో పుట్టిన ఆల్పైన్ క్లబ్ అనే పర్వతారోహకుల సంఘం సభ్యులు ఆ పద్ధతిపై గొడవపడ్డారు. ఈ ఒక్క విషయంలో నేను యాత్రికుల పక్షమే.

స్విస్ గైడ్లు జేబులో ఒక పుస్తకం ఉంచుకునేవారు. దిగివచ్చాక యాత్రికుడు అందులో తన అభిప్రాయం రాసేవాడు, తరువాతివాడు అది చదివి కుదుర్చుకునేవాడు. గ్రిండెల్‌వాల్డ్ గైడు క్రిస్టియన్ ఆల్మర్ పుస్తకం 1896లో అచ్చయింది కూడా. అయితే ఆల్మర్ గొప్పతనం ఆ మెచ్చుకోళ్లలో లేదు. 1868లో శిఖరం అందక దిగాలుపడ్డ కూలిడ్జ్ అనే కుర్రవాడికి ఆయన తన కుక్కను ఇచ్చేశాడు. ఆ తరువాత ఏళ్ల తరబడి ఇద్దరూ కలిసి కొండలెక్కారు.

నమ్మకం చెడితే ఏమవుతుందో 1865లో మాటర్‌హార్న్ శిఖరం మీద జరిగిన ప్రమాదం చూపింది. తాడు తెగి, గైడు మిషెల్ క్రోతో సహా నలుగురు పోయారు. బతికిన గైడు పెద్ద టౌగ్వాల్డర్ తాడు కోశాడని పుకారు లేచింది. విచారణ నిర్దోషి అన్నా అనుమానం అతన్ని వదల్లేదు.

హిమాలయాల్లో ఈ బంధం సాహెబు, కూలీలుగా మొదలైంది. 1934లో నంగాపర్బత్ మీద గేలే అనే షెర్పా, తన నాయకుడు మెర్కెల్‌ను విడిచి రాకుండా అక్కడే ప్రాణం వదిలాడు. దాన్ని విధేయత అని పొగిడి ఊరుకుంటే సరిపోదు. 1953లో ఎవరెస్టు శిఖరం మీద టెన్సింగ్ మెడలో ఉన్నది, ముందు ఏడాది తనతో ఎక్కిన స్విస్ మిత్రుడు లాంబెర్ ఇచ్చిన ఎర్ర స్కార్ఫ్. అది సమానుల స్నేహం.

1964లో జిమ్మీ రాబర్ట్స్ కాఠ్మండూలో ట్రెక్కింగ్ కంపెనీ పెట్టాక యాత్ర వ్యాపారమైంది. 2014 ఏప్రిల్ 18న ఎవరెస్టు దారిలోని ఖుంబూ ఐస్‌ఫాల్‌లో మంచు విరిగిపడి 16 మంది నేపాలీలు చనిపోయినప్పుడు, షెర్పాలు పని ఆపి అడిగింది షమోనీవాళ్లు అడిగినదే: మా ఇంటివాళ్ల సంగతేమిటి? ఆ వసంతంలోనే భువనగిరి కొండపై శిక్షణ పొందిన మన తెలుగు విద్యార్థులు పూర్ణ, ఆనంద్‌కుమార్ టిబెట్ వైపు నుంచి, షెర్పాల తోడుతో, మే 25న ఎవరెస్టు ఎక్కారు. మన ఊళ్ల నుంచి ఇప్పుడు పిల్లల్ని పంపే తల్లిదండ్రులు కంపెనీని ముందు అడగవలసినవి రెండు: వెంట వచ్చే షెర్పాకు బీమా ఎంత, వెనక్కి తిరగమని చెప్పే అధికారం ఎవరిది.