మనోవర్తి – నిలువ నీడ

విడిపోవుటకై న్యాయస్థానమెక్కిన భార్యాభర్తల వ్యాజ్యం ఒక్క ఏడాదిలో తేలవచ్చు, అయిదేళ్లకైనా తేలకపోవచ్చు. న్యాయమూర్తి వాయిదా వేయగలరు. ఆకలి మాత్రం వాయిదా కోరదు. ఆ నడిమి కాలంలో బిడ్డను చంకనెత్తుకొని పుట్టింటి వసారాలో నిలిచిన స్త్రీకి పోషణ ఎవరిది? నిలువ నీడ ఎక్కడ? ఈ ప్రశ్నకు మన చరిత్ర చెప్పిన సమాధానాలను పాలమూరు సీమలోని గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు ప్రాంతాల నుండి పరిశీలిద్దాం.

ప్రశ్న కొత్తది కాదు. సుగుణవతియైన ఇల్లాలిని విడిచిన భర్త తన ధనంలో మూడవ వంతు ఆమెకీయవలెనని, ధనహీనుడైతే పోషణమైనా జరుపవలెనని యాజ్ఞవల్క్య స్మృతి విధించినది. ఆ స్మృతికి విజ్ఞానేశ్వరుడు కల్యాణి చాళుక్యుల కాలంలో మితాక్షర వ్యాఖ్య రచించినాడు. ఈ సీమలోని ఆలంపురం ఆ చాళుక్యుల ఏలుబడిలోనిదే. పదమూడవ శతాబ్దంలో కేతన ఆ ధర్మశాస్త్రాన్ని ‘విజ్ఞానేశ్వరీయము’గా తెనిగించినాడు. అయితే గ్రంథంలోని ధర్మం గడప వరకు రావలెనంటే దానిని అమలు జరిపే అధికారం కావలెను.

నిజాం కాలంలో గద్వాల, వనపర్తి సంస్థానాలు. నాగర్‌కర్నూలు ఒక తాలూకా. 1949లో జాగీర్ల రద్దుతో సంస్థానాల పాలన ముగిసినది. 1951 ఏప్రిల్ 1న భారత క్రిమినల్ ప్రొసీజర్ కోడు హైదరాబాదు రాష్ట్రానికి విస్తరించినది. దానిలోని 488వ సెక్షను క్రింద, భర్త నిర్లక్ష్యం చేసిన భార్య మేజిస్ట్రేటును ఆశ్రయించవచ్చును. కాని అప్పటి గరిష్ఠ పరిమితి నెలకు నూరు రూపాయలే. 1955లో అది అయిదువందలైనది. 1973 నాటి కొత్త కోడులో ఆ సెక్షను 125గా మారినా పరిమితి మారలేదు. ధరలు ఎన్ని రెట్లు పెరిగినా అంకె కదలక, 2001లో గాని ఆ హద్దు తొలగలేదు.

1955 నాటి హిందూ వివాహ చట్టం మరొక అడుగు వేసినది. దాని 24వ సెక్షను ప్రకారం, వ్యాజ్యం నడుస్తున్నంత కాలం స్వంత ఆదాయం చాలని పక్షానికి, భార్యకేగాక భర్తకు సైతం, పోషణనూ దావా ఖర్చులనూ ఇప్పించవచ్చును. ఇట్టి మధ్యంతర దరఖాస్తును సాధ్యమైనంత వరకు అరువది దినాలలో తేల్చవలెనని 2001 సవరణ చెప్పినది.

తిండి మాట ఇట్లుండగా, ఇంటి మాట ఆలస్యంగా వచ్చినది. ఇల్లు మామగారి పేరనో అత్తగారి పేరనో ఉండుట మన ఉమ్మడి కుటుంబాలలో పరిపాటి. 2005 నాటి గృహహింస చట్టం కలిసి కాపురమున్న ఇంటిలో నివాసహక్కు నిచ్చి, అవసరమైతే వేరు వసతిగాని అద్దెగాని భర్త ఏర్పరచునట్లు ఆజ్ఞాపించే అధికారం మేజిస్ట్రేటుకు ఇచ్చినది. అత్తగారి పేరనున్న ఇంటిలో కోడలు ఈ హక్కు కోరజాలదని 2006 డిసెంబరులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. 2020 అక్టోబరులో అదే న్యాయస్థానం ఆ అభిప్రాయాన్ని త్రోసిపుచ్చి, ఇల్లు ఎవరి పేరనున్నా కోడలు అక్కడ కాపురమున్నదా అన్నదే చూడవలెనన్నది.

ఇక ఆదాయం రుజువు చేయుట. మగ్గం నేసేవానికి, వలసపోయే మేస్త్రీకి జీతపు చీటీ ఎక్కడిది? 2020 నవంబరులో సుప్రీంకోర్టు, ఉభయులూ ఆస్తిపాస్తుల ప్రమాణపత్రం దాఖలు చేయవలెనని, వ్యవసాయదారులకు ప్రత్యేక నమూనా ఉండవలెనని నిర్దేశించినది. మనోవర్తి దరఖాస్తు పెట్టిన నాటి నుండే లెక్కకు రావలెనన్నది. తెలంగాణ నుండి వెళ్లిన ఒక అప్పీలులో, విడాకులు పొందిన ముస్లిం మహిళకు కూడా 125వ సెక్షను వర్తించునని 2024 జూలై 10న తీర్పు వచ్చినది. అదే నెల మొదటి తేదీన అమలులోనికి వచ్చిన కొత్త సంహితలో ఈ నిబంధన 144వ సెక్షను అయినది.

2022 జూన్ 2న గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలులలో జిల్లా న్యాయస్థానాలు వెలసినవి. పెద్ద వ్యాజ్యాలకై మహబూబ్‌నగరుకు పోయే బస్సు ప్రయాణం తగ్గినది. ఆదాయంతో నిమిత్తం లేకుండా మహిళకు ఉచిత న్యాయసహాయం పొందే హక్కు కూడా ఉన్నది. స్మృతి చెప్పిన మూడవ వంతు నుండి ఇంటి హక్కు వరకు చాలా దూరం వచ్చినాము. అయినను మనోవర్తి విలువ ఎంత ఇచ్చినారన్నదానిలోనే లేదు, ఎప్పుడు ఇచ్చినారన్నదానిలో ఉన్నది. తీర్పు నాటికి పెరిగి పెద్దదైన బిడ్డకు, చిన్ననాడు దొరకని పాలు ఏ డిక్రీ తిరిగి ఇప్పించగలదు?