111వ మహర్లు: యుద్ధానికి పిలిచారు, అవసరం తీరాక పంపేశారు

మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో బ్రిటిష్ ప్రభుత్వం మహర్లతో ఏర్పాటు చేసిన పదాతి పటాలం పేరు ‘111వ మహర్లు’. 1917లో పుట్టి 1921 మార్చిలో రద్దయింది. దాని ఆయుష్షు నాలుగేళ్లే అయినా, దళితులకూ సైన్యానికీ మధ్య నడిచిన వందేళ్ల పోరాటం అందులో కనిపిస్తుంది.

పటాలం బడి

ఈస్టిండియా కంపెనీ బొంబాయి సైన్యంలో మహర్లు తొలినుంచీ ఉన్నారు. 1818 జనవరి 1న భీమా నది ఒడ్డున కోరేగావ్ దగ్గర పీష్వా సేనను ఎదిరించిన దళంలోనూ వాళ్లున్నారు. అక్కడి స్మారక స్తంభంపై 22 మంది మహర్ల పేర్లు చెక్కి ఉన్నాయి. వాళ్లు పోరాడింది కంపెనీ కోసమే. అయినా ఊరి బడి గడప తొక్కనివ్వని రోజుల్లో సైన్యం వారికి జీతం, పింఛను, చదువు ఇచ్చింది. అంబేద్కర్ తండ్రి రాంజీ సక్పాల్ సైన్యంలో సుబేదారు, సైనిక పాఠశాల ఉపాధ్యాయుడు. అంబేద్కర్ 1891లో పుట్టింది కూడా మౌ కంటోన్మెంట్‌లోనే.

మూసిన తలుపు

1857 తిరుగుబాటు తర్వాత ‘యుద్ధ జాతుల’ సిద్ధాంతం బలపడింది. పంజాబీలు, పఠాన్లు, గూర్ఖాలే పుట్టు సైనికులని దాని సారాంశం. దీన్ని గట్టిగా నమ్మిన లార్డ్ రాబర్ట్స్ మొదట మద్రాసు సైన్యానికి, 1885 నుంచి దేశ సైన్యానికి అధిపతి. తెలుగు, తమిళ సిపాయిల భర్తీ తగ్గిపోవడానికీ ఈ ఆలోచనే కారణం. 1890ల తొలినాళ్లలో పటాలాలను కులాలవారీగా మార్చినప్పుడు మహర్లకు చోటు లేకుండా పోయింది.

విశ్రాంత సైనికుడు గోపాల్ బాబా వలంగ్కర్ 1894లో దీనిపై మహజరు రాశారు. 1910లో శివరాం జాన్బా కాంబ్లే లండన్‌లోని భారత వ్యవహారాల మంత్రికి విన్నవించారు. ఈ విన్నపాలకు తలుపు తెరుచుకోలేదు.

నాలుగేళ్ల పటాలం

విన్నపాలు చేయలేని పని యుద్ధం చేసింది. మనుషులు చాలకపోవడంతో 1917లో 111వ మహర్లు ఏర్పడింది. చెప్పుకోదగ్గ పోరాటానికి అవకాశం రాకముందే యుద్ధం ముగిసింది. 1920లో దాన్ని 71వ పంజాబీలతో కలిపారు. మరుసటి ఏడాది రద్దు చేసి మహర్లను ఇళ్లకు పంపారు.

మళ్లీ 1941

‘యుద్ధ జాతులు’ అన్న విభజన కృత్రిమమని అంబేద్కర్ 1940లో వచ్చిన ‘థాట్స్ ఆన్ పాకిస్తాన్’లో వాదించారు. 1941లో రక్షణ సలహా సంఘంలో సభ్యుడై, మహర్ల భర్తీకి ఒత్తిడి తెచ్చారు. ఆ అక్టోబరులో బెల్గాంలో మహర్ రెజిమెంట్ తొలి బెటాలియన్ ఏర్పడింది. దాని తొలి టోపీ చిహ్నంపై కోరేగావ్ స్తంభం ఉండేది. ఆ రెజిమెంట్ నేటికీ ఉంది, అన్ని ప్రాంతాల వారినీ చేర్చుకుంటోంది.

1943లో ఏర్పడిన చమార్ రెజిమెంట్‌కు ఆ భాగ్యం దక్కలేదు. యుద్ధం ముగిశాక 1946లో దాన్నీ రద్దు చేశారు. దాన్ని తిరిగి నెలకొల్పాలన్న డిమాండ్ ఇప్పటికీ వినిపిస్తోంది. కులం పేరుతో పటాలాలు ఉండాలా అన్నది వేరే చర్చ. కానీ కొన్ని కులాల పేర్లతో రెజిమెంట్లు కొనసాగుతున్నప్పుడు, కొన్నింటినే ఎందుకు రద్దు చేశారని అడిగేవారికి 111వ మహర్ల చరిత్ర గట్టి ఆధారం.