చిందు ఆట నుంచి నేల టికెట్ దాకా: ఆర్మూర్, నందిపేట్ ప్రాంతంలో సినిమా, టీవీ, దళితులు

సినిమా, టీవీ సమాజం మీద ఎట్లాంటి ప్రభావం చూపుతున్నాయన్న చర్చ మన పత్రికల్లో చాలాకాలంగా నడుస్తున్నది. అది ఎక్కువగా రెండు మాటల చుట్టే తిరుగుతుంది. సినిమాలు చూసి పిల్లలు చెడిపోతున్నారని కొందరంటారు. సినిమా జనాన్ని చైతన్యపరుస్తుందని ఇంకొందరంటారు. ఈ రెండు వాదనల్లోనూ సమాజం అంటే ఒకటే ముద్ద. అందులో ఊరు వేరు, వాడ వేరు అన్న సోయి లేదు. నేల మీద కూసున్నోడూ కుర్చీల కూసున్నోడూ ఒకే బొమ్మ చూసిండ్రు కాబట్టి ఇద్దరి మీదా ఒకే ప్రభావం పడిందని ఈ మేధావుల లెక్క. మేము ఆ లెక్కను ఒప్పుకోవడం లేదు. నిజామాబాద్ జిల్లాలోని ఆర్మూర్, నందిపేట్ ప్రాంతాన్ని తీసుకొని, ఇక్కడి మాల మాదిగలకు తెరతో ఉన్న సంబంధం ఎట్లా మారుతూ వచ్చిందో ఈ వ్యాసంలో పరిశీలిస్తున్నాం.

ఈ ప్రాంతం బయటి లోకానికి పసుపుతో తెలుసు. గోదావరి, శ్రీరాంసాగర్ నీళ్లు, నిజామాబాద్ మార్కెట్ యార్డు, 2025లో నిజామాబాద్‌లో మొదలైన జాతీయ పసుపు బోర్డు గురించి పేపర్లలో వచ్చే వార్తల్లో రైతు కనిపిస్తడు. పసుపు తవ్వి, కొమ్ములు విరిచి, ఉడకబెట్టే కాడ పొగల నిలబడే కూలి ఆడోళ్లు, ఇంటికొచ్చినంక చాట ముందరేసుకొని బీడీలు చుట్టేటోళ్లు ఆ వార్తల్లో ఉండరు. తెర చరిత్ర కూడా ఇట్లాగే రాయబడింది. నటులు, నిర్మాతలు, థియేటర్ల యజమానులు అందులో ఉంటారు. చూసినోళ్లు ఉండరు. చూసినోళ్లు అంతకుముందు ఏం ఆడిండ్రో అసలే ఉండదు.

తెర రాకముందు

సినిమా రాకముందు ఈ ఊర్లల్ల ఆట లేదనుకోవద్దు. ఆట ఉండె. అది మాదిగవాడలో ఉండె. మాదిగలను ఆశ్రయించి బతికే చిందు, డక్కలి, మాస్టీన్ కులాలు ఆటను, పాటను, కులపురాణాన్ని తరతరాలుగా మోసుకొచ్చినయి. ఏ ఊర్ల మాదిగలు ఏ చిందోళ్ల కుటుంబానికి హక్కో కట్టుబాటు ఉండె. పంటలు ఇంటికొచ్చినంక మేళం దిగేది. ముఖానికి రంగులేసి, భుజకీర్తులు కట్టి, రాత్రంతా భాగోతం ఆడేది. ఎల్లమ్మ వేషం కట్టేది. జాంబ పురాణంలో మాదిగల మూలపురుషుడు జాంబవంతుడు సృష్టికంటే ముందు పుట్టినవాడు. ఊరు మొత్తం మీద వాళ్లను కడగొట్టోళ్లని పిలుస్తుంటే, రాత్రి ఆటలో వాళ్లు మొదటోళ్లయ్యేది. దీన్ని కేవలం వినోదం అనడానికి వీల్లేదు. ఇది చరిత్ర చెప్పుకునే పద్ధతి.

చిందు మేళంలో ఆడోళ్లు ఆడేది. తెలుగు రంగస్థలం మీద మగవాళ్లే ఆడవేషాలు కట్టిన కాలంలో కూడా చిందు ఆడోళ్లు నలుగురి ముందు వేషం కట్టిండ్రు. 2005లో చనిపోయిన చిందు ఎల్లమ్మ ఈ జిల్లా కళాకారిణే. అదంతా బంగారు కాలమని మేము అనడం లేదు. ఆట చూసి మెచ్చుకున్న దొరలే పొద్దున లేస్తే వెట్టి చేయించుకున్నరు. దళిత ఆడపిల్లలను జోగినులుగా విడిచిన ఆచారానికి ఈ జిల్లా పెట్టింది పేరు. దాన్ని నిషేధిస్తూ ఆంధ్రప్రదేశ్ చట్టం 1988 దాకా రాలేదు. అయినా ఒక మాట గట్టిగా చెప్పవచ్చు. ఆ ఆటలో కథ మనది, గొంతు మనది, చూసేటోళ్లూ మొదట మనోళ్లే.

నేల టికెట్

టూరింగ్ టాకీసు డేరాలు, ఆ తర్వాత ఆర్మూర్ లాంటి పట్నాల్లో టాకీసులు వచ్చినంక పరిస్థితి మారింది. శ్రీలంక తమిళ పండితుడు కార్తిగేసు శివతంబి 1981లో తమిళ సినిమా మీద రాస్తూ ఒక ముఖ్యమైన విషయం గుర్తించాడు. అన్ని కులాల తమిళులు ఒకే కప్పు కింద కూర్చుని చూసిన మొదటి చోటు సినిమా హాలేనని ఆయన అన్నాడు. మన దగ్గరా అంతే. గుడిలోకి రానియ్యనోళ్లు, హోటల్లో వేరే గ్లాసు పెట్టినోళ్లు, టాకీసు గేటు కాడ టికెట్ చించి లోపలికి పంపక తప్పలేదు. పైసలిచ్చిన మనిషికి చోటు దొరికింది. అంబేద్కర్ మహద్ చెరువు నీళ్ల కోసం 1927లో సత్యాగ్రహం నడిపిన దేశంలో ఇది చిన్న విషయమేం కాదు.

అయితే ఆ చోటు నేల. నేల, బెంచీ, కుర్చీ అని టికెట్లు పెట్టినప్పుడు కులం పేరు ఎక్కడా రాయలేదు. రాయాల్సిన పని కూడా లేదు. భూమి ఎవరిదో కుర్చీ వాళ్లదైంది, కూలి ఎవరిదో నేల వాళ్లదైంది. చీకట్లో అందరూ కలిసి కూసున్నరు, లైటు వేస్తే ఎవరి వరుస వాళ్లకు కనిపించింది.

తెర మీద మనమెట్లా కనిపించినం? 1938లో గూడవల్లి రామబ్రహ్మం సారథి ఫిలిమ్స్‌కు 'మాలపిల్ల' తీశాడు. కథ చలానిది, మాటలు తాపీ ధర్మారావువి. బ్రాహ్మణ యువకుడికీ మాల అమ్మాయికీ మధ్య ప్రేమ, దేవాలయ ప్రవేశం దాని విషయాలు. 1936 తిరువాన్కూరు ఆలయప్రవేశ ప్రకటన తర్వాతి గాంధేయ వాతావరణం ఆ సినిమాలో ఉంది. కులం పేరును టైటిల్లోనే పెట్టే ధైర్యం ఆ సినిమాకు ఉండె. మేము దాన్ని కాదనం. కాని మాలపిల్ల వేషం కట్టిన కాంచనమాల మాలపిల్ల కాదు. కథ రాసినోళ్లు, పెట్టుబడి పెట్టినోళ్లు, తీసినోళ్లు వాడలోంచి వచ్చినోళ్లు కాదు. జాంబ పురాణంలో సృష్టికి ముందున్న మనిషి, ఇక్కడ ఇంకొకరు వచ్చి ఉద్ధరిస్తే తప్ప లేవలేని మనిషైండు. అటు చిందోళ్ల ఆటకు పిలుపులు తగ్గినయి. మనకు కూసునే చోటు దొరికిన కాలమే మన ఆడే చోటు పోయిన కాలం కూడా.

పెట్టె లోపలి దేవుళ్లు

టీవీ మొదట సర్కారు చేతి నుంచి వచ్చింది. 1975 ఆగస్టు నుంచి 1976 జులై దాకా 'సైట్' అనే ఉపగ్రహ ప్రయోగం కింద ఆరు రాష్ట్రాల్లో 2400 ఊర్లకు కార్యక్రమాలు పంపారు. అందులో ఆంధ్రప్రదేశ్ ఒకటి. ఊరందరికీ ఒకే సెట్టు. అది అన్ని కులాలవాళ్లు వచ్చి చూడగలిగే బహిరంగ స్థలంలో ఉండాలన్నది ఉద్దేశం. 1977లో హైదరాబాద్ దూరదర్శన్ ప్రసారాలు మొదలైనయి. ఆ తర్వాత టీవీ పంచాయతీ నుంచి ఇండ్లల్లకు పోయింది. పోవడం మొదట ఎవరి ఇండ్లల్లకు? మా అమ్మానాన్నల తరం వాళ్లు పెద్ద ఇండ్ల వాకిట్ల నిలబడి, కిటికీలోంచి చూసిన ముచ్చట ఇప్పటికీ చెప్తరు. టాకీసులో డబ్బులిచ్చి సంపాదించుకున్న చోటు టీవీ కాడికి వచ్చేసరికి మళ్లీ గడప బయట పడింది.

ఈ గడపను దాటించింది దుబాయి. ఉత్తర తెలంగాణ నుంచి గల్ఫ్‌కు పోయిన కూలీలు తిరిగొచ్చేటప్పుడు టేప్‌రికార్డర్, వీసీఆర్, టీవీ తెచ్చుకున్నరు. వాడలో టీవీ పెట్టడమంటే బొమ్మ చూడడం ఒక్కటే కాదు. ఒకరి వాకిట్లకు పోకుండా ఉండడం.

కాని పెట్టె మనదైనా, పెట్టెలోని కథ మనది కాలేదు. 1987 జనవరి 25 నుంచి 1988 జులై 31 దాకా రామానంద్ సాగర్ 'రామాయణ్' ప్రతి ఆదివారం నడిచింది. టీవీ ముందు కొబ్బరికాయలు కొట్టిన కాలం అది. దేశంలో అనేక రామాయణాలుండగా ఒక్కటే దేశం రామాయణమైంది. ఈ కాలానికి సంబంధించి ఒక ఘటనను దళిత చరిత్ర విద్యార్థులు మర్చిపోవద్దు. సీరియల్ పట్టాభిషేకంతో ముగియబోతుంటే, ఉత్తరకాండ కూడా చూపించాలని 1988లో పంజాబ్‌లోని జలంధర్‌లో పారిశుధ్య కార్మికులు సమ్మెకు దిగారు. వాళ్లు వాల్మీకిని తమవాడిగా కొలిచే కులస్తులు. వాల్మీకి ఆశ్రమం, కుశలవుల కథ ఉత్తరకాండలోనే ఉంది కదా. ఆ తర్వాత ఉత్తర రామాయణం సీరియల్‌గా వచ్చింది. దళితులు టీవీ ఏం చూపిస్తే అది మింగే జనమని అనుకునేటోళ్లకు ఇది జవాబు. అదే సమయంలో ఇంకో సంగతి కూడా ఉంది. చీపురు కింద పెట్టి సాధించుకున్నది అదే కథలో ఇంకొంత చోటు మాత్రమే. కథ మార్చే హక్కు చేతికి రాలేదు.

తెర మీద ఆర్మూర్

2021 సెప్టెంబర్ 24న శేఖర్ కమ్ముల 'లవ్ స్టోరీ' విడుదలైంది. ఇందులో హీరో రేవంత్ ఆర్మూర్ వాడు, కింది కులపు క్రైస్తవ కుటుంబంలో తల్లి కష్టంతో పెరిగినవాడు. హీరోయిన్ మౌనిక అదే ప్రాంతపు పటేల్ కుటుంబం పిల్ల. ఆర్మూర్ పేరు, ఇక్కడి యాస, ఇక్కడి కులవివక్ష పెద్ద తెర మీదికి రావడం మామూలు సంగతి కాదు. మాలపిల్లలో అబ్బాయి పై కులం. ఇక్కడ అబ్బాయి కింది కులం. 83 ఏళ్లలో జరిగిన ఈ మార్పును మేము తక్కువ చెయ్యం. రేవంత్ ముఖం మాత్రం అక్కినేని నాగేశ్వరరావు మనవడు నాగచైతన్యది. వేషం మనది, ముఖం వేరేవాళ్లదన్న పాత పద్ధతి అట్లనే ఉంది.

అంతకంటే పెద్ద సమస్య కథలో ఉంది. సినిమాలో కుల దుర్మార్గమంతా మౌనిక బాబాయి అనే ఒక్క మనిషిలో కుప్పపోశారు. చిన్నపిల్లల మీద లైంగిక హింస అనే ఇంకో ఘోరాన్నీ ఆయనకే అంటగట్టారు. పిల్లల మీద జరిగే ఈ హింసను తెర మీద మాట్లాడడం అవసరమే. కాని కులం కథ ముడి ఆ ఒక్కడి చుట్టే తిరిగి ఆ ఒక్కడితోనే తెగుతుంది. ఆర్మూర్ ప్రాంతంలో కులం అట్లా ఒక్క మనిషిలో ఉండదు. కమిటీలో ఉంటది. గ్రామాభివృద్ధి కమిటీలు, అంటే వీడీసీలు, బెల్టు షాపులు వేలం వేసిన వార్తలు, జరిమానాలు వేసిన వార్తలు, మాట విననోళ్లను కులం కులాన్నే వెలివేసిన వార్తలు ఈ జిల్లా నుంచి ఎన్నోసార్లు వచ్చినయి. వెలివేస్తే దుకాణంల ఉప్పు పుట్టదు, పొలంల కూలి పుట్టదు. సాంఘిక బహిష్కరణను 2016 జనవరి నుంచి అమల్లోకి వచ్చిన సవరణ ద్వారా అట్రాసిటీ చట్టంలో నేరంగా చేర్చారు. ఈ వెలివేతలో కత్తి పట్టుకున్న విలన్ కనిపించడు. సంతకాలు పెట్టినోళ్లు, మౌనంగా తలూపినోళ్లు ఉంటరు. కెమెరా ఆర్మూర్ దాకా వచ్చింది, కమిటీ కూసున్న అరుగు దాకా రాలేదు.

పాట ఎవరిది, తెర ఎవరిది

అదే 2021 సెప్టెంబర్ మొదట్లో 'భీమ్లా నాయక్' పాట వచ్చింది. అందులో వినిపించిన మెట్ల కిన్నెర డక్కలి కళాకారుడు దర్శనం మొగిలయ్యది. 2022లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. 2024లో ఆయన హైదరాబాద్ శివారులో కట్టడం పని కాడ రోజుకూలీగా కనిపించాడని వార్తలొచ్చినయి. అదే ఏడు జనగామ జిల్లా చిందు యక్షగాన కళాకారుడు గడ్డం సమ్మయ్యకు పద్మశ్రీ ఇచ్చారు. తెలంగాణ ప్రభుత్వం తన సినిమా అవార్డులకు గద్దర్ పేరు పెట్టి 2025లో మొదటిసారి ప్రదానం చేసింది. బిరుదులొస్తున్నయి, పేర్లు పెడుతున్నరు. మంచిదే. కాని కిన్నెర సినిమాకు పనికొచ్చినంత తేలికగా కిన్నెర వాయించేటోని బతుకు సినిమాకు పట్టలేదు.

మా ఇండ్లల్ల యూనివర్సిటీ గడప మొదట తొక్కినోళ్లం మేము. కాబట్టి ఈ వ్యాసం నుంచి మేము తేల్చుకున్న పనిని కూడా ఇక్కడే చెప్తున్నాం. మీడియా ప్రభావం మీద చేసే పరిశోధనలు చూసినోళ్ల మనసులను కొలవడంతో ఆగిపోతే సరిపోదు. కథ చెప్పే సాధనం ఎవరి చేతిలోంచి ఎవరి చేతిలోకి పోయిందో లెక్క తియ్యాలి. నందిపేట్, ఆర్మూర్ చుట్టూ చిందు ఆట ఆడిన, చూసిన ముసలోళ్లు ఇంకా ఉన్నరు. వాళ్లకు నోటికొచ్చిన కథలు, ఏ వాడలో ఏ మేళం దిగేదన్న జ్ఞాపకాలు, నేల టికెట్ ముచ్చట్లు వాళ్లతోపాటే పోకముందే రికార్డు చెయ్యాలి. ఇప్పుడు వాడలో ప్రతి పిల్లవాని జేబులో సెల్‌ఫోన్ కెమెరా ఉంది. దాంతో సినిమా పాటలకు రీల్స్ చేస్తున్నరని పెద్దలు తిడుతున్నరు. తిట్టేముందు ఆ పిల్లలకు జాంబ పురాణం ఎవరన్నా వినిపించిండ్రా అని అడగాలి. వినిపించే పని మన మీద ఉంది.